తుప్పుకు కొమ్ము

తుమ్మచెట్టు ఎలా ఉంటుందో మా మెట్ట ప్రాంతంలో ఎవరికీ చెప్పక్కర్లేదు. చెప్పులు లేకుండా నడిచిన ప్రతి మనిషికీ అది అరికాలితోనే తెలుసు. తుప్పుతుమ్మ గురించి మాత్రం చెప్పాలి, ఎందుకంటే అది భూమి మీద లేదు. పైమెట్ట అనే గ్రహం మీద ఉంది. దాని మాను ఇనుము, బెరడు రాగి, కాయలు కంచు. గాలి వీస్తే కాయలు గణగణమంటాయి కాబట్టి ఆ గ్రహం మీద ఏ బడివాళ్ళూ గంట కొనరు. ఆకులుండవు, రేకులుంటాయి. కొమ్మలుండవు, కొమ్ములుంటాయి, దగ్గరికి వెళితే పొడుస్తుంది. నీళ్ళంటే దానికి గిట్టదు. వాన పడితే ఒళ్ళంతా తుప్పు పట్టి, ఆ తుప్పు పొలుసులు పొలుసులుగా రాలిపోతుంది. రాలినచోట పిడుగు పడితే కొత్త చెట్టు పుడుతుంది. అది మొలకలా మొలవదు, మొలలా మొలుస్తుంది. తలుపుకు కొట్టే ఇనుప మొల, మొన పైకి పెట్టి.

ఈ చెట్టును పుట్టించింది నేను. ఈ ఒక్క వాక్యం నలుగురిచేత అనిపించుకోవడానికి నేను పడిన గొడవే ఇక్కడ రాస్తున్నాను. ఇందులో ఎవరి పేర్లూ వేయను. ఒక్క పేరు కోసం అంత రభస చేసినదాన్ని, పక్కవాళ్ళ పేర్లు తెచ్చి ఊరికే పారబోయడం మర్యాద కాదు.

మాది వీరులపాడు పక్కన ఒక ఊరు. ఊరంటే ఊరు కాదు, ఊరి చివర మా పేట. అమ్మా నాన్నా మిరప చేలకూ పత్తి చేలకూ కూలికి వెళ్ళేవాళ్ళు. ఆదివారం మాత్రం ప్రార్థనకు వెళ్ళేవాళ్ళు, వారంలో నడుము వాల్చే చోటు అదొక్కటే గనక. నేను నందిగామలో పెద్దమ్మ ఇంట్లో ఉండి చదువుకున్నాను. పెద్దమ్మ ఎలిమెంటరీ స్కూల్లో టీచరు. చాలా మంచిది. చిన్న విషయానికి కూడా కళ్ళనీళ్ళు పెట్టుకుంటుంది. పాలు పొంగితే ఏడుస్తుంది, పొంగకపోతే పాలవాడు నీళ్ళు కలిపాడని ఏడుస్తుంది. ఇంట్లో ఏడుపు వాటా అంతా ఆవిడే తీసుకోవడంతో నాకు నవ్వు మిగిలింది.

నాలుగో ఫారంలో ఉండగా మా తెలుగు పండితులవారు డిక్టేషన్ చెప్పారు. ఆయనకు నశ్యం అలవాటు. పట్టు పీల్చాక కాసేపు ఆయన నోట్లో అకారానికీ ఉకారానికీ తేడా ఉండేది కాదు. "ఊరి బయట తుప్పలు దట్టముగా పెరిగినవి" అని చెప్పారు. నాకు "తుప్పులు" అని వినిపించింది, అలాగే రాశాను. తప్పు నాదో నశ్యానిదో ఇప్పటికీ తేలలేదు. ఆయన నా నోటుబుక్కులో అడ్డంగా గీత కొట్టి, క్లాసంతా వినేలా అన్నారు:

"ఊరి బయట తుప్పులు పెరిగాయటర్రా! పెరిగితే ఏం కాస్తాయే, సుత్తులా?"

క్లాసంతా నవ్వింది. నేనూ నవ్వాను, మాట బావుంది గనక. నోటుబుక్కులో సున్నా వేసి ఇచ్చారు. ఇంటికి వెళుతూ దారంతా ఆలోచించాను. సుత్తులు ఎందుకు కాయాలి? ఇనుప చెట్టుకు ఇంకేం కాయొచ్చు? పాదు ఎలా తీయాలి, నీళ్ళు పోస్తే ఏమవుతుంది? అప్పటికి రష్యావాళ్ళు ఆకాశంలోకి కుక్కను పంపారని పెద్దమ్మ స్కూల్లో పత్రిక చదివి వచ్చి చెప్పింది. కుక్కకు చోటున్నప్పుడు చెట్టుకు ఎందుకుండదు అనిపించింది. మాది మెట్ట కాబట్టి, అది ఇంకా పైనుంది కాబట్టి, ఆ గ్రహానికి పైమెట్ట అని పేరు పెట్టాను.

అక్కడి మనుషులకు కూడా మాలాగే ఆకాశం చూడటమే పని. కాకపోతే మేం వాన రావాలని చూస్తాం, వాళ్ళు రాకూడదని చూస్తారు. ఇక్కడ వానల్లేకపోతే కప్పను రోకలికి కట్టి, ఇంటింటికీ తిప్పి నీళ్ళు పోస్తారు. అక్కడ మబ్బు పట్టగానే ఊళ్ళోవాళ్ళంతా చెరువు గట్టుకు వెళ్ళి కప్పల్ని నోరు మూసుకోమని బతిమాలతారు. సెలవులకు ఇంటికి వెళ్ళినప్పుడు మిరప చేలో కలుపు తీస్తూ ఈ సంగతులన్నీ చెప్పేదాన్ని. అమ్మతో పాటు వచ్చిన ఆడవాళ్ళు నడుం ఎత్తకుండానే నవ్వేవాళ్ళు. "ఏమే, మీ ఇనుప చెట్టు ఎంత ఎదిగింది?" అని అడిగేవాళ్ళు. వాళ్ళకు అది ఎవరి చెట్టో తెలుసు. నాకు అప్పుడు అదేం గొప్పగా తోచలేదు.

టీచరు ట్రైనింగులో చేరాక జగ్గయ్యపేటలో ఒక రీడింగ్ రూమువాళ్ళు కథల పోటీ పెట్టారు. మొదటి బహుమతి ఒక కప్పు, అది వచ్చిన కథను వార్షికోత్సవంలో మైకులో చదివిస్తారట. రాసినవాళ్ళ పేరు కూడా మైకులో చెబుతారట. మా ఇంటిపేరు అప్పటిదాకా మైకులో వినబడింది లేదు. కూలివాళ్ళను పిలవడానికి మైకు ఎవరు పెడతారు? నేను తుప్పుతుమ్మ కథ రాసి పంపాను.

వారికి నచ్చింది. అక్కడే చిక్కొచ్చింది.

రమ్మని కబురు వస్తే పెద్దమ్మతో కలిసి బస్సెక్కి జగ్గయ్యపేట వెళ్ళాను. రీడింగ్ రూములో బల్ల వెనక ముగ్గురు కూర్చున్నారు. ఒకరు ఆ రీడింగ్ రూము అధ్యక్షులు, నూనె మిల్లు యజమాని. రెండోవారు ప్లీడరుగారు. మూడోవారు మా పండితులవారే. ఎక్కడ తెలుగు తప్పులుంటే అక్కడికి ఆయన్ను పిలుస్తారు. బల్ల మీద నా కథ ఉంది. ఎర్రసిరాతో దద్దుర్లు లేచినట్టుంది.

ప్లీడరుగారు మొదలుపెట్టారు. "కథ చాలా బావుందమ్మా. ఏ పుస్తకంలోది?"

"పుస్తకంలోది కాదండి."

"అంటే ఏదన్నా పత్రికలో పడిందా?"

"లేదండి. నాదే."

"నీదేలేమ్మా, కాదన్నానా? తెలుగు చేసింది నువ్వే. మూలం ఎవరిదని అడుగుతున్నా."

"మూలం లేదండి."

అధ్యక్షులవారు సర్ది చెప్పబోయారు. "దొరసానమ్మ ఎవరో ఇచ్చుంటారు లెండి. మీవాళ్ళకి మిషను బంగళాలో ఇంగ్లీషు పుస్తకాలుంటయ్యిగా."

బంగళాలో నేను చూసిన ఇంగ్లీషు పుస్తకాలు రెండు. ఒకటి పాటల పుస్తకం. రెండోది కోళ్ళకు తెగులొస్తే ఏం చేయాలో చెప్పేది. రెండింటిలోనూ ఇనుప చెట్టు లేదు. రెండోదాంట్లో ఇనుప గంప బొమ్మ ఒకటుంది, దాని కింద కోడిపెట్ట ఉంది. ఆ మాటే చెప్పాను.

పండితులవారు నశ్యం డబ్బీ మూత తట్టి అన్నారు. "ఇంత ఊహ ఒక ఆడపిల్లకి, అందునా..."

అందునా దగ్గర ఆగిపోయారు. ఆ తర్వాతి మాట ఆయన చెప్పలేదు. చెప్పనవసరమూ లేదు, మా పేటలో పసిపిల్లలకు కూడా అది కంఠతా వచ్చు. ఖాళీలు పూరింపుము అనే పాఠం మాకు బడిలో చేరకముందే నేర్పుతారు.

పెద్దమ్మ ముక్కు ఎగబీల్చడం మొదలుపెట్టింది. ఆవిడ పూర్తిగా ఏడిస్తే బస్సు తప్పిపోతుంది. అందుకని నేను గబగబా అడిగాను. "ప్లీడరుగారండీ, ఇంగ్లీషులో తుప్పను ఏమంటారండి?"

"బుష్."

"తుప్పును?"

"రస్ట్."

"ఆ రెంటికీ ఏమన్నా చుట్టరికం ఉందాండి?"

ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. "ఏముంటుంది?"

"కొమ్మనేమంటారండి?"

"బ్రాంచ్."

"కొమ్మును?"

"హార్న్. ఎందుకమ్మా ఇవన్నీ?"

"మొలకనండి?"

"స్ప్రౌట్."

"మొలలనండి?"

ప్లీడరుగారు కుర్చీలో ఒక పక్కకు ఒరిగి కూర్చున్నారు. ఆయనకు ఆ బాధ ఉందని నాకు అప్పుడు తెలియదు, నేనడిగింది ఇనుప మొలల సంగతే. "నెయిల్స్," అన్నారు కాస్త కష్టంగా.

"మరి ఇంగ్లీషు దొర ఈ చెట్టును ఎలా పుట్టిస్తాడండి? ఇది తెలుగులోనే పుట్టింది. తుప్పకు కొమ్మిస్తే తుప్పు అయింది, కొమ్మకు కొమ్మిస్తే కొమ్ము అయింది. దొర ఇది రాయాలంటే ముందు నందిగామ వచ్చి ఈ పండితులవారి దగ్గర డిక్టేషన్ రాయాలి."

ప్లీడరుగారి పెదవి కాస్త కదిలింది. పండితులవారిది కదల్లేదు.

"కొమ్ముల సంగతే నేనూ చెబుతున్నా," అన్నారాయన. "కథ నిండా కొమ్ముల తప్పులే. తుప్పు రాలడమేంటి, చెట్టుకు కొమ్ములేంటి, నేలలోంచి మొలలు రావడమేంటి? అన్నీ దిద్దాను."

కాగితం ఇటు తిప్పి చూపించారు. నిజంగానే దిద్దారు. తుప్పు అంతా తుప్ప అయింది. కొమ్ములు కొమ్మలయ్యాయి, మొలలు మొలకలయ్యాయి. ఇనుప చెట్టును పట్టుకుని గొడ్డలి కూడా లేకుండా కట్టెల మోపు చేశారు.

అధ్యక్షులవారికి ఈ వ్యాకరణంతో పనిలేదు. ఆయనకు వార్షికోత్సవం దగ్గర పడుతోంది. "ఇదిగో అమ్మాయ్, తేలిగ్గా తేల్చుకుందాం. పేరు కింద 'ఆంగ్ల మూలానికి అనుసరణ' అని ఒక్క ముక్క రాసెయ్. కప్పు నీదే. ఎవరూ నిన్ను తప్పుపట్టరు."

"రాయకపోతేనండి?"

"రాయకపోతే ఎక్కడో కొట్టుకొచ్చావంటారు."

అంటే దొంగిలించానని ఒప్పుకుంటే నేను దొర, దొంగిలించలేదంటే దొంగ. ఇంత తిన్నని తర్కం నేను ట్రైనింగులో కూడా వినలేదు.

"నేను రాయనండి."

"ఆలోచించుకోమ్మా."

"ఆలోచించే రాశానండి కథ."

కాగితాలు ఇమ్మంటే పోటీకి వచ్చినవి తిరిగి ఇచ్చేది లేదన్నారు. నా దగ్గర ఇంకో ప్రతి లేదు. చెట్టు బుర్రలో ఉంది, అందుకని పెద్దగా బెంగపడలేదు.

తిరుగు బస్సులో పెద్దమ్మ కొంగు తడిపేసింది. "ఒక్క ముక్క రాస్తే ఏం పోయేదే నీకు? కప్పు వచ్చేది. గూట్లో పెట్టుకునేవాళ్ళం."

"పేరు పోయేది పెద్దమ్మా."

"పేరెక్కడికి పోతుందే? బాప్తిస్మం రిజిస్టర్లో ఉందిగా."

"అందులో ఉంది నేను పుట్టానని. చెట్టు పుట్టిందని లేదుగా."

"పెద్దోళ్ళతో మనకెందుకే. నీకు రేపు ఉద్యోగం కావాల, వీళ్ళలో ఎవరి నోటితో ఏ మాట పడుద్దో." ఇది మాత్రం ఏడుపు లేకుండా అంది. ఆవిడ ఏడవకుండా మాట్లాడితే నాకు భయమేస్తుంది. ఆ రాత్రి అన్నం సరిగ్గా దిగలేదు. మర్నాడు పొద్దున్నే దిగింది.

తర్వాతి వారం ట్రైనింగ్ స్కూలుకు వెళుతూ బస్సులో కరపత్రం చూశాను. డ్రైవరు వెనక రేకు మీద అంటించారు. వార్షికోత్సవానికి అందరూ ఆహ్వానితులే అని ఉంది. కింద పెద్ద అక్షరాల్లో "గ్రహాంతర వృక్షము, అపూర్వ గాథ" అని, దాని కింద చిన్న అక్షరాల్లో "ఆంగ్ల మూలానికి అనుసరణ" అని, ఇంకా కింద "సంస్కరణ" అంటూ పండితులవారి పేరు. నా పేరు ఎక్కడా లేదు. ఆకాశంలో చెట్టు అంటే జనం బాగా వస్తారని వాళ్ళు కథను వదులుకోలేకపోయారు. నన్ను వదులుకోవడం సులువైంది. అనుసరించిన మనిషి లేకుండా అనుసరణ! ఎవరూ నడవని దారి మీద అడుగులు పడ్డట్టు.

ఆ కరపత్రం చూశాక నాకు ఒక సంగతి తేటగా తెలిసింది. కప్పు పోతే పోయింది. ఈ సభ ఇలాగే జరిగిపోతే ఆ చెట్టు ఇంక ఎప్పటికీ నాది కాదు. రేపు నేనెక్కడ చెప్పినా "జగ్గయ్యపేటలో చదివారే, ఆ ఇంగ్లీషు కథ" అంటారు. మిరప చేలో అమ్మతో ఉన్న ఆడవాళ్ళు కూడా అంటారు. మైకులో వచ్చినదానికి ఎదురు చెప్పడం వాళ్ళకు అలవాటు లేదు.

"నేను సభకెళ్తున్నా," అన్నాను ఇంటికి వచ్చి.

"వెళ్ళి ఏం చేస్తావే?" అంది పెద్దమ్మ.

"వింటా."

"వినే మొహమేనా అది?" అంది. అని, మళ్ళీ తనే మంచి చీర తీసింది. నన్ను ఒక్కదాన్నే పంపితే ఏమవుతుందోనని భయం. తనూ వస్తే ఏమవుతుందో అక్కడే చూసి ఏడవొచ్చు.

సభ మిల్లు ఆవరణలో పందిరి వేసి పెట్టారు. వేరుశెనగ చెక్క వాసన గుప్పున కొడుతోంది. ఆడవాళ్ళకు ఒక పక్క తాడు కట్టి చాపలు వేశారు. మగవాళ్ళు ఖాళీ గోనెల మీద, బస్తాల మీద, గోడ మీద, ఎక్కడ చోటుంటే అక్కడ. చుట్టుపక్కల ఊళ్ళ రైతులు చాలామంది వచ్చారు. గరికపాడు వైపు వెళ్ళే లారీలవాళ్ళు కూడా బండ్లు ఆపి గేటు దగ్గర నిలబడ్డారు. వేదిక మీద ఆ ముగ్గురూ ఉన్నారు. కథ చదవడానికి మిల్లు గుమాస్తాను నిలబెట్టారు. ఆయన పౌరాణిక నాటకాల్లో వేషాలు వేసిన మనిషి, పద్యం లేని చోట కూడా రాగం తీస్తారు.

"వాన వెలిసెను," అని మొదలుపెట్టారాయన చెయ్యి పైకెత్తి. "ఆ మహావృక్షమునకు... నిలువెల్లా... తుప్ప పట్టెను!"

గోడ మీద ఎవరో అన్నారు. "తుప్ప పట్టడమేందిరా? చెట్టుకి తుప్ప పడుద్దా?"

"ఏమో, ఇంగ్లీషు చెట్టు గదా."

గుమాస్తాగారు ఆగలేదు. "అది తన కొమ్మలతో... ఎద్దును... పొడిచెను!"

"కొమ్మకి పొడిచే గుణం కూడా ఉందంట."

"దారిని పోవు బాటసారి అరికాలిలో... మొలకలు... దిగబడెను!"

"పెసర మొలకలా, సెనగలా?" అని ఒక పెద్దాయన అడగ్గానే ఆవరణంతా గొల్లుమంది.

నా చెట్టును చూసి ఎవరైనా నవ్వితే నేనూ కలిసి నవ్వుతాను. కాని వాళ్ళు నవ్వుతున్నది నా చెట్టును చూసి కాదు. ఎర్రసిరా చెట్టును చూసి. పక్కన పెద్దమ్మ నా కొంగు పట్టుకుంది. నేను లేచేసరికి కొంగు ఆవిడ చేతిలోనే ఉండబోయింది. లాక్కుని నిలబడ్డాను.

"కొమ్ములు పోయినయ్యండీ," అన్నాను.

గుమాస్తాగారు చెయ్యి పైకి ఉంచుకునే ఆగిపోయారు. అధ్యక్షులవారు మైకు దగ్గరికి వచ్చారు. "ఎవరమ్మా అది?"

పండితులవారు నన్ను గుర్తుపట్టారు. "కూర్చో. పెద్దల సభలో లేచి మాట్లాడ్డానికి నీకేమన్నా కొమ్ములు మొలిచాయా?"

"నాక్కాదండి, తుప్పుకి. మీరు కోసేశారు."

ముందు వరసలో నలుగురు నవ్వారు. అర్థంకాని వాళ్ళు పక్కవాళ్ళను అడిగి ఒక క్షణం ఆలస్యంగా నవ్వారు. నేను తాడు దగ్గరికి నడిచాను. "అది తుప్పండీ. ఇనుముకు పట్టే తుప్పు. పొడిచింది కొమ్మలు కాదు, కొమ్ములు. కాల్లో దిగింది ఇనుప మొలలు. అది ఇనుప చెట్టు. అది నేను రాసిన కథ."

"ఇది ఇంగ్లీషు కథమ్మా," అన్నారు అధ్యక్షులవారు మైకులో, నాకు చెబుతున్నట్టు కాకుండా సభకు చెబుతున్నట్టు. "మూలంలో ఎలా ఉందో అలాగే చదువుతున్నాం."

"మూలం ఎవరిదండి?"

మైకు కూసింది. అధ్యక్షులవారు ప్లీడరుగారి వైపు చూశారు. ప్లీడరుగారు పందిరి వైపు చూశారు. అక్కడ మూలం లేదు, పిచ్చుక ఉంది. చివరికి ఆయన గొంతు సవరించుకుని, "మూలం అయితే నేను చూడలేదు," అన్నారు. కోర్టులో ఆయన ఎంతమందిని ఎన్ని చూశామనిపించారో నాకు తెలియదు. ఆ సాయంత్రం మాత్రం చూడనిది చూడలేదన్నారు. నాకాయన మీద అప్పటినుంచి గౌరవం.

పండితులవారు ఓడిపోయే మనిషి కాదు. "అసలు విషయం చెప్పమంటారా? ఈ ఊహ పుట్టింది నా డిక్టేషన్లో. ఈ పిల్ల నా శిష్యురాలే. ఆ తుప్పు అన్న మాట నా క్లాసులోనే వచ్చింది."

"నిజమేనండి," అన్నాను. "అది తప్పని కొట్టేసి సున్నా వేసిందీ మీరే. ఆ సున్నా నేను ఒప్పుకుంటున్నా. చెట్టు మాత్రం మీకివ్వను."

సభ రెండుగా చీలింది. కూర్చోబెట్టమని కొందరు, చెప్పనీయమని కొందరు. నేను కూర్చుంటే ఇక లేవలేనని నాకు తెలుసు, అందుకని తాడు పట్టుకుని నిలబడ్డాను. అంతలో గేటు దగ్గర్నుంచి లారీ డ్రైవరు ఒకతను గట్టిగా అన్నాడు.

"గట్ల లొల్లి ఎందుకయ్యా? చెట్టు ఎవలు పెంచితే వాళ్ళకు ఎరుకుంటది. అడుగుండ్రి. అమ్మా, గా చెట్టుకు నీడుంటదా?"

"ఉంటుందన్నా. కాని కింద పడుకోకూడదు. పగలంతా కాగి సాయంత్రానికి పెనంలా అవుద్ది. అట్లు పోసుకోవాలంటే మంచిది."

"పశువులు మేస్తయ్యా?" ఒక రైతు అడిగాడు.

"మేయవు బాబాయ్. మేకలు ఒకసారి ప్రయత్నించినయ్. అప్పట్నుంచి ఆ ఊళ్ళో మేకలకి పళ్ళు లేవు."

"చీడ పడుద్దా?"

"సూదంటురాయి పురుగని ఒకటుంది. పడితే పక్క చెట్లన్నీ దానికే అతుక్కుంటయ్."

"మందేం కొడతారు?"

"మందు దొరకదండి. ఇక్కడ మాత్రం దొరుకుతోందా?"

రైతులు నవ్వారు. నవ్వులో కొంత తిట్టు కూడా ఉంది, అది నన్ను కాదు. గుమాస్తాగారు కాగితాలు ముందుకూ వెనక్కూ తిప్పుతూ ఈ జవాబులు ఎక్కడున్నాయా అని వెతుకుతున్నారు. దొరకలేదు. అవి ఎక్కడా లేవు. అప్పుడే పుడుతున్నాయి. ఆయన వెతకడం ముందు వరసవాళ్ళు చూశారు, చూసి ఒకరినొకరు మోచేత్తో పొడుచుకున్నారు.

ఆడవాళ్ళ పక్కనుంచి ఒకామె తలమీద కొంగు సర్దుకుంటూ అడిగింది. "కాయలు కూరకొస్తయ్యా పిల్లా?"

"రావక్కా. అవి ఉడికేలోపు కుండ అరిగిపోద్ది."

"వాన పడకూడదంటున్నావు," అన్నాడు ఇందాక మొలకల గురించి అడిగిన పెద్దాయన, తీరుబడిగా. "మరి ఆ ఊరోళ్ళకి కాలవ తవ్విస్తామని ఎవరూ వచ్చి చెప్పట్లేదా?"

"చెబుతున్నారు బాబాయ్. వద్దన్నా చెబుతున్నారు. ఎలక్షన్లొచ్చినప్పుడల్లా."

ఈసారి వేదిక మీద కూడా నవ్వారు. అధ్యక్షులవారు కాస్త ఆలస్యంగా నవ్వి, త్వరగా ఆపేశారు. ఇంకొన్ని ప్రశ్నలు పడితే సభ తన చేతిలోంచి పోతుందని ఆయనకు అర్థమైంది. వ్యాపారస్తుడు, ఏది ఎక్కడ ఆపాలో తెలుసు. బల్ల మీదున్న కప్పు తీసుకుని ముందుకొచ్చారు.

"సరేలేమ్మా. నీదే అనుకుందాం. వచ్చి తీసుకో, పోనివ్వు."

పెద్దమ్మ వెనకనుంచి నన్ను తోసింది. నేను కదల్లేదు.

"అనుకోవద్దండి. మైకులో చెప్పండి."

"ఏం చెప్పను?"

"ఇది ఏ మూలానికీ అనుసరణ కాదని. రాసిందెవరో పేరు."

ఆయన పండితులవారి వైపు చూశారు. పండితులవారు నశ్యం పీలుస్తున్నారు. మైకు చేతిలోకి తీసుకుని, "ఈ కథ అనుసరణ కాదు, స్వతంత్ర రచన. రచించినది కుమారి..." అని ఆగారు. మా నాన్న నా పేరు బైబిల్లో వెతికి వెతికి, ఎవరూ పెట్టుకోనిది చూసి పెట్టాడు. అధ్యక్షులవారి నోట్లో అది మధ్యలో విరిగింది.

"తప్పు పలికారండి," అన్నాను.

మళ్ళీ పలికారు. ఈసారి పేరు సరిగ్గానే వచ్చింది, ఇంటిపేరు వదిలేశారు.

"ఇంటిపేరండి."

"ఇంటిపేరు కూడానా?" అన్నారాయన. మైకు మూయడం మరిచిపోయారు, ఆ మాట బజారు దాకా వినబడింది.

"మా నాన్నది కదండీ. ఆయన చేలో ఉన్నాడు, రాలేకపోయాడు."

చెప్పారు. ఇంటిపేరు, పేరు, ఊరు, ముక్క పోకుండా మొత్తం చెప్పారు. గేటు దగ్గర లారీవాళ్ళు చప్పట్లు కొట్టారు. పెద్దమ్మ ఏడ్చింది, అది మామూలే. ఇక కూర్చుందామని వెనక్కి తిరిగితే నా చోట్లో ఎవరో చంటిపిల్లను పడుకోబెట్టారు. నిద్రపోతున్న పిల్లను లేపడం ఎందుకని వేదిక వైపే నడిచి, గుమాస్తాగారి చేతిలోని ఎర్రసిరా కాగితాలు బోర్లా పెట్టించి, కథ మొదటినుంచి నేనే నిలబడి చెప్పాను.